బెజవాడకు ఎగువన కొండపల్లి

కొండకూ కృష్ణకూ మధ్య ఇరుకున ఒదిగిన ఈ చిన్న మున్సిపాలిటీ నుంచి రోజూ పనివాళ్లు బెజవాడకు వెళ్తారు. కరెంటూ గోదావరి జలాలూ, ఒక్కొక్క ఏడు వరదా కూడా సాగేది ఈ లోయ గుండానే. చుట్టుపక్కల ఊళ్లను బెజవాడలో కలిపే ‘గ్రేటర్ విజయవాడ’ మాట మళ్లీ వినిపిస్తున్న వేళ కొండపల్లిపై ప్రత్యేక కథనం.

హైదరాబాదు నుంచి వచ్చే 65వ నంబరు జాతీయ రహదారిని వదిలి 30వ నంబరు రహదారి మైలవరం, తిరువూరు వైపు మళ్లే ఇబ్రహీంపట్నం రింగ్ సెంటర్‌లో, ఉదయం ఏడు గంటలయ్యేసరికి రెండు జనప్రవాహాలు ఎదురెదురుగా కదులుతుంటాయి. క్యారియర్లు చేతపట్టుకున్న బట్టల కొట్ల గుమాస్తాలు, ఆసుపత్రుల ఆయాలు, మెడలో గుర్తింపు కార్డులు వేసుకున్న కాలేజీ పిల్లలు సిటీ బస్సుల్లోనూ షేర్ ఆటోల్లోనూ కిక్కిరిసి గుంటుపల్లి, గొల్లపూడి, భవానీపురం మీదుగా బెజవాడకు బయలుదేరే వేళకే, థర్మల్ కేంద్రంలోనూ పారిశ్రామికవాడలోనూ షిఫ్టు అందుకోవలసిన ఉద్యోగులు అదే దారిలో పడమరకు వస్తుంటారు. వీరి మధ్య నుంచి బూడిద లారీలు, చమురు ట్యాంకర్లు, దూరప్రాంతపు బస్సులు దారి చేసుకుంటాయి. ఒక పక్క కృష్ణ మీద మంచు ఇంకా విడవదు. మరో పక్క కోట ఉన్న కొండ మీద అప్పటికే ఎండ పడుతుంది. నడుమ థర్మల్ కేంద్రం పొగగొట్టాలు ఎత్తుగా కనిపిస్తాయి.

కొండపల్లి, ఇబ్రహీంపట్నం పంచాయతీలను కలిపి ఏర్పరచిన కొండపల్లి మున్సిపాలిటీ నేటి ఎన్టీఆర్ జిల్లాలో, బెజవాడ నడిబొడ్డుకు పదిహేను, ఇరవై కిలోమీటర్ల దూరంలో ఉంది. ఇల్లు ఒకచోట, ఉపాధి పెద్ద నగరంలో ఉన్న కుటుంబాలు ఎక్కువగా నివసించే ఇటువంటి ఊళ్లను పట్టణ ప్రణాళికా నిపుణులు ఉపనగరాలంటారు. కొండపల్లికి ఈ నిర్వచనం సగమే సరిపోతుంది. నగరం అవసరంకొద్దీ తెచ్చుకునేవీ, భయంకొద్దీ మళ్లించుకునేవీ అనేకం ఈ లోయ గుండానే సాగుతాయి కనుక, నగరం మీద ఈ ఊరు ఎంత ఆధారపడిందో ఈ ఊరి మీద నగరమూ అంతే ఆధారపడింది. 2024 సెప్టెంబరు తొలి రోజుల్లో బుడమేరు పొంగి అజిత్‌సింగ్‌నగర్, రాజరాజేశ్వరిపేట, పాయకాపురం నీట మునిగినప్పుడు వెలగలేరు, కవులూరు, శాంతినగర్ వంటి ఎగువ ఊళ్ల పేర్లు బెజవాడలో ఇంటింటా వినిపించడానికి కారణం ఇదే.

సర్కారు నుంచి శివారు దాకా

నేడు బెజవాడ శివారుగా లెక్కకు వచ్చే కొండపల్లి ఒకప్పుడు బెజవాడ ఉన్న ప్రాంతాన్ని పాలించిన కేంద్రం. 14వ శతాబ్దం నాటికే కోట వెలసిన ఈ కొండ రెడ్డిరాజుల నుంచి గజపతులకు, వారి నుంచి 1516 ప్రాంతంలో కళింగ దండయాత్ర సందర్భంగా శ్రీకృష్ణదేవరాయలకు, అనంతరం కుతుబ్‌షాహీలకు, మొఘలులకు, నిజాముకు చేతులు మారింది. మచిలీపట్నం రేవు నుంచి గోల్కొండకు సరుకు మోసే బాటను కాపు కాయడానికి ఈ కొండ అనువైన చోటు కాబట్టే ఇన్ని రాజవంశాలు దీని కోసం పోరాడాయి. 1766లో కోట ఆంగ్లేయుల వశమయ్యాక, ఫిరంగుల కాలంలో కొండకోటలకు ప్రాధాన్యం తగ్గిపోవడంతో అది క్రమంగా పాడుపడింది. గరీబ్‌షా వలీ దర్గాకు వచ్చే భక్తులూ సెలవురోజుల సందర్శకులూ మాత్రం ఈనాటికీ ఆ మెట్లెక్కుతూనే ఉన్నారు.

> సర్కారు అంటే
> మొఘలుల పాలనలో సుబాకు లోబడిన పెద్ద రెవెన్యూ విభాగం సర్కారు. కోస్తాంధ్రలోని ఉత్తర సర్కారులు ఐదు: చికాకోలు (శ్రీకాకుళం), రాజమండ్రి, ఏలూరు, కొండపల్లి, గుంటూరు. కొండపల్లి సర్కారుకు ముస్తఫానగరం అన్న పేరు కూడా ఉండేది. కోస్తా జిల్లాలను నేటికీ పెద్దలు ‘సర్కారు జిల్లాలు’ అనడం ఈ విభజన వల్లనే.

తూకం బెజవాడ వైపు మొగ్గడానికి కారణం ఏ యుద్ధమూ కాదు, నీరూ రైలూ. 1852లో ఇంద్రకీలాద్రికీ సీతానగరం కొండకూ మధ్య మొదలైన కృష్ణా ఆనకట్ట 1855లో పూర్తయి, కాలువల మీద పంట, పంట మీద వ్యాపారం పెరగడంతో, డెల్టా తలమీద ఉన్న బెజవాడ సంతగా, గిడ్డంగిగా ఎదిగింది. 1888లో అది మున్సిపాలిటీ అయింది. 1889లో వరంగల్లు వైపు నుంచి నిజాం రైలుమార్గం చేరింది. 1893లో కృష్ణ మీద రైలు వంతెన సిద్ధమైంది, 1899లో మద్రాసు దారి కలిసింది. నిజాం రైలుమార్గం కొండపల్లి మీదుగానే వచ్చినా ఇక్కడ ఒక స్టేషను మాత్రమే మిగిలింది, జంక్షన్ హోదా బెజవాడకు దక్కింది. ఒకే తరం కాలంలో పాత రాజధాని దారి పక్క ఊరైపోయింది.

భవానీపురం దాటాక

పడమటి వైపు బెజవాడ పెరుగుదలకు ఇంద్రకీలాద్రి చాలాకాలం అడ్డుగోడగా నిలిచింది. 1981లో నగరపాలక సంస్థ అయిన విజయవాడ 1985లో గుణదల, పటమటలతో పాటు భవానీపురాన్ని కూడా తనలో కలుపుకుంది. అప్పటివరకు పంచాయతీగా ఉన్న భవానీపురం ఇనుప వ్యాపారపు యార్డుతోనూ గృహనిర్మాణపు కాలనీలతోనూ నగరంలో భాగమైపోయాక, దాని అవతల ఉన్న గొల్లపూడిలో హోల్‌సేల్ మార్కెట్ వెలిసింది. ఆపైన గుంటుపల్లి, ఆపైన ఇబ్రహీంపట్నం. వరసగా చూస్తే నలభై ఏళ్ల కిందట భవానీపురం ఉన్న దశలోనే నేటి కొండపల్లి ఉందని చెప్పవచ్చు.

ఈ దారిలో రోజూ తిరిగేవారికి కాలగణనలో ఒక హద్దుంది: ఫ్లైఓవర్‌కు ముందు, ఫ్లైఓవర్‌కు తరువాత. దుర్గగుడి ఉన్న ఇంద్రకీలాద్రికీ కృష్ణానదికీ మధ్యనున్న ఇరుకు రోడ్డే హైదరాబాదు వైపు ప్రధాన ద్వారమైనందున, దసరా నవరాత్రుల్లో వాహనాలను మళ్లించినప్పుడల్లా పడమటి ఊళ్లవారు చుట్టు తిరిగి ఇల్లు చేరవలసి వచ్చేది. 2020 అక్టోబరు 16న కనకదుర్గ ఫ్లైఓవర్ ప్రారంభమైన తరువాత ఆ ఇబ్బంది చాలావరకు తీరింది, దాంతోపాటే ఇబ్రహీంపట్నం వరకు అపార్టుమెంట్ల వరస సాగింది. చిన అవుటపల్లి నుంచి గొల్లపూడి మీదుగా కృష్ణ దాటి అమరావతి వైపు వెళ్లే పశ్చిమ బైపాస్ ఈ లోయకు మరో దారి తెరుస్తోంది.

ఇంత జరిగినా రాకపోకల భారం అందరి మీదా సమానంగా పడదన్నది గుర్తించవలసిన విషయం. సొంత వాహనం ఉన్నవారికి ఫ్లైఓవర్ పావుగంటో అరగంటో మిగిల్చి ఉండవచ్చు. బెజవాడ బీసెంట్ రోడ్డు కొట్లలో రాత్రి వరకు నిలబడి పనిచేసే ఆడపిల్లలకు మాత్రం కొట్టు కట్టేశాక బస్సు దొరుకుతుందా, షేర్ ఆటోలో తోడెవరైనా ఉంటారా అన్నదే రోజువారీ ప్రశ్న. కాజీపేట మార్గంలో కొండపల్లి, రాయనపాడు స్టేషన్లు ఉన్నా, రాయనపాడులో రైల్వే వ్యాగన్ వర్క్‌షాపు దశాబ్దాలుగా నడుస్తున్నా, నగర ప్రయాణికుల వేళలకు తగినట్టు ఆ పట్టాలను వాడుకోవాలన్న ఆలోచన బలపడలేదు. ఉన్న రైలుమార్గాన్ని పక్కనబెట్టి రోడ్డు మీదనే భారమంతా మోపడం ఈ ప్రాంతపు ప్రణాళికలో పెద్ద లోపం.

పొణికి కర్రకు ప్రాణం పోసే చేతులు

కొండపల్లి పేరు ప్రపంచానికి తెలిసింది కోట వల్లా కాదు, విద్యుత్తు వల్లా కాదు. సంక్రాంతి కొలువుల్లో మెట్ల మీద కొలువుదీరే చిన్న చిన్న కొయ్యబొమ్మల వల్ల. ఏనుగు అంబారీ, దశావతారాలు, ఎడ్లబండి, తాడిచెట్టెక్కే గీత కార్మికుడు, రోకలి ఎత్తిన పల్లెపడుచు వంటి రూపాలను తరతరాలుగా చెక్కుతున్న ఆర్యక్షత్రియ కుటుంబాల పూర్వీకులు రాజస్థాన్ ప్రాంతం నుంచి వలస వచ్చారని వారి సంప్రదాయం చెబుతుంది. కోట దిగువన బొమ్మల కాలనీలో ఇప్పటికీ మగవారు అరుగుల మీద కూర్చొని ఉలితో చెక్కుతుంటే, ఆడవారు ఇంటిపనుల నడుమ రంగులద్దుతుంటారు. ఈ కళకు భౌగోళిక గుర్తింపు, అంటే ఫలానా ప్రాంతంలో తయారైనదానికే ఆ పేరు వాడాలని చెప్పే చట్టబద్ధ రక్షణ, లభించింది.

> బొమ్మ పుట్టుక
> కొండపల్లి అడవుల్లో పెరిగే తెల్లపొణికి కర్ర తేలికైనది, మెత్తనిది. దాన్ని ఎండబెట్టి, సెగ మీద కాచి తేమ పూర్తిగా పోగొడతారు. తల, చేతులు, మొండెం విడివిడిగా చెక్కి, చింతగింజల పొడి, రంపపు పొట్టు కలిపి చేసిన ‘మక్కు’ అనే ముద్దతో అతుకుతారు. ఆకురాయితో నునుపు చేసి, సున్నం పూత పూసి, మేక వెంట్రుకల కుంచెతో రంగులు దిద్దుతారు.

ఈ కళను ఇబ్బంది పెడుతున్నవి రెండు. మొదటిది కర్ర. పొణికి చెట్టు ముదరడానికి ఏళ్లు పడుతుంది. అడవి తరిగి, గ్రావెల్ కోసం కొండలు తవ్వుకుపోతున్న చోట అది దొరకడం అంతకంతకూ కష్టమవుతోంది. కొండపల్లి రిజర్వు అడవిని పూర్వపు కృష్ణా జిల్లాలో మిగిలిన సహజారణ్యంగా పర్యావరణవేత్తలు కాపాడుకోవాలంటున్నది ఒక్క వన్యప్రాణుల కోసమే కాదు, బొమ్మకు కూడా ఆ అడవే ఆధారం. రెండవది బెజవాడ సమీపమే. ఏనుగు అంబారీ వంటి పెద్ద బొమ్మ పూర్తి కావడానికి రోజులు పడతాయి, అది అమ్ముడుపోవడానికి పండుగ రావాలి, చేతికి డబ్బు అందడానికి ఇంకా ఆగాలి. బస్సెక్కితే గంటలోపు చేరే నగరంలో నెల తిరగగానే జీతమిచ్చే కొలువు ఉన్నప్పుడు, ఇరవై ఏళ్ల కుర్రవాడు ఉలి పట్టాలని కోరడం ఎవరికైనా కష్టమే. ప్రదర్శనలూ పురస్కారాలూ గౌరవాన్నిస్తాయి గాని, తండ్రి పనిని కొడుకు ఎంచుకోవాలంటే నెలనెలా నిలకడైన కొనుగోలు కావాలి. లేపాక్షి వంటి ప్రభుత్వ విక్రయశాలలు ఈ దిశలో చేసినదాని కన్నా చేయవలసినది ఎక్కువ.

వెలుగు, బూడిద

1979లో 210 మెగావాట్ల తొలి యూనిట్‌తో ఉత్పత్తి ప్రారంభించిన విజయవాడ థర్మల్ విద్యుత్ కేంద్రానికి, విద్యుత్ బోర్డు అధ్యక్షుడిగా పేరుపొందిన డాక్టర్ నార్ల తాతారావు పేరు పెట్టారు. ఒక్కొక్కటి 210 మెగావాట్ల ఆరు యూనిట్లు, 500 మెగావాట్ల ఏడవ యూనిట్, 2023లో ఉత్పత్తికి వచ్చిన 800 మెగావాట్ల ఎనిమిదవ యూనిట్ కలిపి దీని మొత్తం సామర్థ్యం 2,560 మెగావాట్లు. రైలుమార్గం వెంట బొగ్గు, పక్కనే యంత్రాలను చల్లార్చడానికి ప్రకాశం బ్యారేజీ వెనుక నిలిచే కృష్ణ నీరు, రెండూ దొరికే చోటు కాబట్టే ఈ కేంద్రం ఇక్కడ వెలసింది. వెంట పారిశ్రామికవాడ, చమురు సంస్థల డిపోలు, 2000లో కృష్ణా-గోదావరి బేసిన్ గ్యాస్‌ను నమ్ముకొని మొదలై అనంతరం గ్యాస్ కొరతతో కుంటుపడిన ప్రైవేటు విద్యుత్ కేంద్రం వచ్చాయి. పొలం పనులు మాని పరిశ్రమల్లో చేరిన జనం పెరగడంతో 2011 జనాభా లెక్కలు కొండపల్లినీ ఇబ్రహీంపట్నాన్నీ ‘జనగణన పట్టణాలు’గా చూపాయి: అంటే పాలన పంచాయతీదే అయినా జనసాంద్రతలోనూ వృత్తుల్లోనూ పట్టణ లక్షణాలున్న ఊళ్లు.

వెలుగు రాష్ట్రమంతా పంచుకుంటుంది, బూడిద మాత్రం ఇక్కడ మిగిలిపోతుంది. మన దేశపు బొగ్గులో బూడిద పాళ్లు సాధారణంగా 30 నుంచి 40 శాతం వరకు ఉండటంతో, ఇంత పెద్ద కేంద్రం నుంచి వచ్చే బూడిదను నీటితో కలిపి చెరువుల్లోకి పంపడమో, పొడిగా సిమెంటు, ఇటుకల తయారీకి లారీల్లో తరలించడమో చేయాలి. బూడిదను నూటికి నూరు శాతం వినియోగించాలని కేంద్ర పర్యావరణ శాఖ 2021 డిసెంబరులో ఉత్తర్వు ఇచ్చినా, ఎండాకాలపు గాలికి డాబాల మీద, ఆరేసిన బట్టల మీద, తాగునీటి తొట్ల మీద పేరుకునే బూడిద ఇబ్రహీంపట్నం గృహిణులకు నిత్యం తుడుచుకునే పని. టార్పాలిన్ సరిగా కప్పని లారీ ఒకటి వెళ్తే వెనుక వచ్చే ద్విచక్ర వాహనదారుడి కళ్లు మూసుకుపోతాయి. దీన్ని చిన్న అసౌకర్యంగా కొట్టిపారేయడం తగదు.

కృష్ణ, గోదావరి, బుడమేరు

ఈ లోయకు అసలు ప్రాధాన్యం నీటి వల్ల వచ్చింది. కొండపల్లి, మైలవరం ప్రాంతపు కొండల్లో పుట్టే బుడమేరు సహజంగా బెజవాడ ఉత్తర భాగాన్ని ఒరుసుకుంటూ కొల్లేటికి వెళ్తుంది. మామూలు రోజుల్లో చిన్న వాగులా కనిపించినా కొండల్లో కుండపోత కురిస్తే గంటల్లో పొంగే గుణం దీనిది. నగరాన్ని కాపాడటానికి వెలగలేరు వద్ద రెగ్యులేటర్, అంటే తలుపులతో ప్రవాహాన్ని అదుపు చేసే కట్టడం, నిర్మించి, అక్కడి నుంచి బుడమేరు నీటిని కొండపల్లి ప్రాంతం గుండా ఇబ్రహీంపట్నం వద్ద కృష్ణలోకి మళ్లించే కాలువ తవ్వారు. నగరం మీద పడవలసిన ముప్పును ఎగువ ఊళ్ల గట్ల మీదకు మార్చిన ఏర్పాటు ఇది.

2015లో పట్టిసీమ ఎత్తిపోతల ద్వారా గోదావరి నీరు 174 కిలోమీటర్ల పోలవరం కుడికాలువలో ప్రవహించి, చివరకు ఇదే మళ్లింపు కాలువ ద్వారా కృష్ణను చేరింది. రెండు నదులు కలిసే ఆ చోటు, స్థానికులు ఫెర్రీ అని పిలిచే పాత పడవల రేవు, 2016 కృష్ణా పుష్కరాల నాటికి పవిత్ర సంగమం అయింది. హారతులు, సందర్శకులు, నదిలో పడవ షికార్లు పెరిగాయి. 2017 నవంబరు 12న భవానీ ద్వీపం వైపు నుంచి కార్తిక హారతి చూడటానికి బయలుదేరిన పడవ ఈ సంగమం సమీపంలోనే బోల్తా పడి, ఒంగోలు నుంచి వచ్చిన కుటుంబాలవారితో సహా ఇరవై మందికి పైగా ప్రాణాలు కోల్పోయారు. అనుమతులు, లైఫ్ జాకెట్లు, పడవ సామర్థ్యం గురించిన చర్చ ఆ తరువాతే బలంగా జరిగింది.

2024 ఆగస్టు 31, సెప్టెంబరు 1 తేదీల కుండపోతకు ఈ నీటి ఏర్పాటులోని బలహీనత అంతా ఒక్కసారి బయటపడింది. మళ్లింపు కాలువ మోయగలిగిన దానికి రెట్టింపునకు మించిన నీరు బుడమేరులో వచ్చింది. అదే సమయంలో కృష్ణ కూడా రికార్డు స్థాయిలో పొంగుతున్నందున కాలువ నీరు నదిలోకి దిగలేక వెనక్కి తన్నింది. కాలువ ఎడమ గట్టుకు మూడు చోట్ల గండ్లు పడ్డాయి, వెలగలేరు తలుపులు ఎత్తడం తప్పలేదు, రాయనపాడు స్టేషన్ నీట మునిగింది, నీరు నేరుగా నగరం మీదకు వెళ్లింది. అజిత్‌సింగ్‌నగర్ డాబాల మీద ఆహారం, మంచినీళ్ల కోసం చేతులు చాచిన కుటుంబాలకు డ్రోన్లతో పొట్లాలు జారవిడిచారు. బురదలో, వానలో రాత్రింబవళ్లు రాళ్లు పోసి, చివరకు సైన్యం సాయం కూడా తీసుకొని, మూడవ గండిని సెప్టెంబరు 7న పూడ్చారు.

> నీటి లెక్కలు
> ఒక క్యూసెక్కు అంటే సెకనుకు ఒక ఘనపుటడుగు ప్రవాహం. 2024 సెప్టెంబరు 2న ప్రకాశం బ్యారేజీ నుంచి దిగువకు వెళ్లిన ప్రవాహం 11.43 లక్షల క్యూసెక్కులు. అంతకుముందు 2009 అక్టోబరులో దాదాపు 11.10 లక్షలు. బుడమేరు మళ్లింపు కాలువ సామర్థ్యం సుమారు 15 వేల క్యూసెక్కులు. 1957లో ప్రారంభమైన ప్రకాశం బ్యారేజీకి 70 తలుపులున్నాయి.

కాలువను వెడల్పు చేయాలన్న ప్రతిపాదన ఆ వరద తరువాత ఊపందుకుంది. ఇంజినీర్లు ఒప్పుకునే చిక్కు ఒకటుంది: కాలువకు ఇరువైపులా థర్మల్ కేంద్రపు కట్టడాలు, రోడ్డు, రైలు వంతెనలు, ఇళ్లు వచ్చి ఉన్నందున వెడల్పు చేయడానికి చోటు తక్కువ. గోదావరి నీటినీ వరదనీటినీ ఒకే కాలువ మోయడం వల్ల, వాన ముంచుకొచ్చే సమయానికి కాలువ ఖాళీగా ఉండేలా చూసుకోవలసిన బాధ్యత కూడా పెరిగింది. గట్టును ఆనుకొని ఉన్న పేదల ఇళ్లను తొలగించవలసి వస్తే, వారికి పని దొరికే దూరంలోనే స్థలం చూపకపోతే నగరాన్ని కాపాడే ఖర్చు మళ్లీ ఎగువవారే భరించినట్టవుతుంది.

ఎవరి పరిధిలో ఏది

కొండపల్లి మున్సిపాలిటీకి తొలి ఎన్నికలు 2021 నవంబరులో జరిగాయి. 29 వార్డుల్లో రెండు ప్రధాన పార్టీలకు చెరి 14 దక్కగా ఒకటి స్వతంత్ర అభ్యర్థి గెలుచుకోవడంతో, ఎక్స్ అఫీషియో సభ్యుల ఓటు, అంటే శాసనసభ్యుడో పార్లమెంటు సభ్యుడో పదవిరీత్యా కౌన్సిల్‌లో వేయగల ఓటు, ఎవరికి ఎక్కడ చెల్లుతుందన్న వివాదం హైకోర్టుకు చేరి, చైర్మన్ ఎవరన్నది 2025 వరకు తేలలేదు. కొత్త పట్టణానికి మురుగుకాలువలు, తాగునీటి గొట్టాలు, చెత్త తరలింపు అన్నీ మొదటి నుంచి అమర్చుకోవలసిన సంవత్సరాలు ఇలా గడిచిపోవడం ఆ ఊరి ప్రజలకు జరిగిన నష్టం.

అయితే కౌన్సిల్ నిండుగా పనిచేసినా దాని చేతిలో ఉండేది కొంతే. పారిశ్రామికవాడలో ఆస్తిపన్ను వసూలు చేసే అధికారం పారిశ్రామిక మౌలిక సదుపాయాల సంస్థకు చెందిన స్థానిక ప్రాధికార వ్యవస్థది. అందులో ఒక వాటా మాత్రమే మున్సిపాలిటీకి వస్తుంది. విద్యుత్ కేంద్రం రాష్ట్ర విద్యుదుత్పత్తి సంస్థ జెన్‌కోది, రహదారి జాతీయ రహదారుల సంస్థది, పట్టాలు రైల్వేవి, అడవి అటవీశాఖది, కాలువ జలవనరుల శాఖది. లోయలోని ఆదాయాన్నీ ముప్పునూ ఇన్ని శాఖలు పంచుకుంటుండగా, బూడిద తుడవడం, బురద ఎత్తడం, వీధిదీపం వెలిగించడం మున్సిపాలిటీకి మిగులుతున్నాయి.

గ్రేటర్ విజయవాడ ఏర్పడితే కొండపల్లికి సిటీ బస్సుల సంఖ్య, తాగునీటి సరఫరా, భవన నిర్మాణ నియంత్రణ మెరుగుపడే అవకాశముంది. పన్నులు పెరుగుతాయన్న భయమూ, 29 వార్డుల కౌన్సిల్ స్థానంలో ఇద్దరు ముగ్గురు కార్పొరేటర్లే మిగిలితే తమ మాట చెల్లదన్న సందేహమూ సహజం. రెండు పక్షాల వాదనల్లోనూ న్యాయముంది గాని, రెండింటిలోనూ కాలువ ప్రస్తావన తక్కువగా వినిపించడం ఆందోళన కలిగించే విషయం. బుడమేరును అదుపు చేసే తలుపులున్న వెలగలేరూ, గండ్లు పడిన కవులూరు పరిసరాలూ జి.కొండూరు మండలపు పంచాయతీల కిందివి. అవి కొండపల్లి మున్సిపాలిటీ హద్దుల్లో లేవు. పన్నుల కోసం గీసే గీత ఎక్కడ ఆగినా, వెలగలేరు నుంచి పవిత్ర సంగమం వరకు ఆ గట్లను వానాకాలానికి ముందు ఎవరు పరీక్షించాలో, రాత్రివేళ గట్టు జారుతున్నట్టు కనిపిస్తే ఊరివారు ఎవరికి ఫోను చేయాలో, ఆ ఫోనుకు జవాబుదారీ ఎవరో విలీనం ఉత్తర్వులోనే రాయించుకోవలసిన బాధ్యత కొండపల్లి ప్రతినిధులదీ, వారితో సమానంగా అజిత్‌సింగ్‌నగర్ ప్రతినిధులదీ.